డబ్లిను శస్త్రవైద్యుడు అబ్రహాం కాలిస్

తడిసిన గచ్చుమీద కాలు జారినవాడు ఆలోచించి చేయి చాపడు. శరీరము ముందునకు తూలగనే అరచేయి తనంతట తానే నేలకు ఆనును. బరువంతయు మణికట్టుపై బడును. వయసు మళ్ళినవారున్న ఇండ్లలో ఇట్టి ప్రమాదము నెరుగని ఇల్లు అరుదు. మణికట్టు వాచి, చేయి వంకరపోయి, నొప్పితో బాధపడుచున్న తల్లినో తండ్రినో వెంటబెట్టుకొని మనము ఆసుపత్రికి పోవుదుము. వైద్యుడు చూచి చీటీమీద 'కాలిస్ ఫ్రాక్చర్' అని వ్రాయును. మన వైద్యకళాశాలలలో చదువుకొను విద్యార్థులందరును ఆ పేరును నేర్చుకొందురు. కాని ఆ కాలిస్ ఎవరో, ఎక్కడివాడో, ఆయన పేరు మన ముంజేతి ఎముకకు ఎట్లు అంటుకొన్నదో విచారించువారు తక్కువ. ఆయన ఐర్లండు దేశస్థుడు. రెండు వందల యేండ్లకు పూర్వము డబ్లిను నగరమున శస్త్రవైద్యుడై, ముప్పదిరెండేండ్లు ఆచార్యుడై, తన తప్పులను శిష్యులయెదుట దాచక చెప్పిన మనుష్యుడు. నేడు మనము ఆయన కథను చెప్పుకొందము.

కథలోనికి పోవుటకు ముందు ఆ కాలపు శస్త్రవైద్యుని స్థితిని గుర్తించుట అవసరము. ఐరోపా ఖండమున చిరకాలము వరకు వైద్యుడు వేరు, శస్త్రవైద్యుడు వేరు. వైద్యుడు విశ్వవిద్యాలయమున లాటిను చదివినవాడు; నాడి చూచి, మందు వ్రాసి, చేతికి నెత్తురంటకుండ ఇంటికి పోవువాడు. కోయుట, కట్టుట, ఎముక కూర్చుట క్షురకవృత్తితో కలిసి యుండెడి పనులు. డబ్లినులో క్షురకుల సంఘమునకు 1446లోనే రాజశాసనము లభించెను. శస్త్రవైద్యులు తరువాత ఆ సంఘములోనే భాగస్థులైరి. మన దేశమున కూడ పల్లెలలో గడ్డలు కోయుట, పుండ్లకు కట్టు కట్టుట క్షురకవృత్తివారే చేయుచుండెడివారని మన పెద్దలకు తెలిసిన విషయమే. డబ్లిను శస్త్రవైద్యులు ఆ పాతసంఘమును విడిచి, తమకు ప్రత్యేకముగా విద్యాపీఠము కావలెనని కోరి, 1784లో మూడవ జార్జి ప్రభువు శాసనముచేత ఐర్లండు రాజకీయ శస్త్రవైద్య కళాశాలను స్థాపించుకొనిరి. అప్పటికి మన కథానాయకునకు పదియేండ్లు.

అబ్రహాం కాలిస్ 1773వ సంవత్సరము జులై 23వ తేదీన కిల్కెన్నీ పట్టణమునకు సమీపమున మిల్‌మౌంట్ అను చోట జన్మించెను. కిల్కెన్నీ నల్లని పాలరాతికి పేరుపొందిన ఊరు. కాలిస్ వంశీయులకు అక్కడ ఆ రాతి గనియు, రాతిని కోసి నునుపుచేయు కర్మాగారమును ఉండెను. బాలునకు ఆరేండ్ల ప్రాయమున తండ్రి మరణించెను. తల్లి ధైర్యము కోల్పోక రాతి వ్యాపారమును తానే నడపి, బిడ్డలను చదివించెను. జోనాథన్ స్విఫ్ట్ మహాశయుడు చదివిన కిల్కెన్నీ పాఠశాలలోనే ఈ బాలుడును చదువుకొనెను.

ఆయన వైద్యమువైపు మరలుటకు కారణముగా ఒక కథ చెప్పుదురు. ఒకమారు ఏరు పొంగి, బట్లరు అను వైద్యుని ఇంటిలోని వస్తువులు కొట్టుకొనిపోయినవట. అందులోని శరీరనిర్మాణ శాస్త్రగ్రంథ మొకటి కాలిస్ వారి పొలమునకు చేరెనట. బాలుడు దానిని తీసికొనిపోయి యజమానికి ఈయబోగా, ఆ పుస్తకముపై వాని కన్నులు నిలిచియుండుట చూచి, వైద్యుడు దానిని వానికే బహుమానముగా నిచ్చివేసెనట. గొప్పవారి బాల్యమును గూర్చి ఇట్టి కథలు పుట్టుట వింత కాదు. నిజమైనను కాకపోయినను, ఈ కథలో ఒక సంగతి ఆయన జీవితమునకు సరిపోవుచున్నది. దొరికిన దానిని దాచుకొనక తిరిగి అప్పగించు స్వభావము ఆయనకు కడవరకు నిలిచెను.

1790లో కాలిస్ డబ్లినులోని ట్రినిటీ కళాశాలలో చేరెను. అదే సమయమున డాక్టర్ స్టీవెన్సు ఆసుపత్రిలో ఫిలిప్ వుడ్రోఫ్ అను శస్త్రవైద్యునికి అంతేవాసి యయ్యెను. 1795లో శస్త్రవైద్య కళాశాలవారి యోగ్యతాపత్రమును పొంది, అంతటితో తృప్తిచెందక స్కాట్లండు రాజధాని ఎడింబరోకు పోయి, 1797లో వైద్యపట్టమును గ్రహించెను. అక్కడినుండి లండనుకు ఇంచుమించు నాలుగు వందల మైళ్ళు. ఆ దూరమును ఆయన కాలినడకను ఎనిమిది దినములలో పూర్తిచేసెనని ప్రతీతి. లండనులో ఆ కాలపు శస్త్రవైద్యులలో అగ్రగణ్యుడైన ఆస్ట్లీ కూపరు చెంత చేరి, గిలకను గూర్చి ఆయన వ్రాయుచున్న గ్రంథమునకై శవచ్ఛేదనములు చేసిపెట్టెను. పిమ్మట డబ్లినుకు మరలివచ్చి వైద్యవృత్తి నారంభించెను.

1799లో గురువు వుడ్రోఫ్ మరణింపగా, స్టీవెన్సు ఆసుపత్రిలో ఆ స్థానము శిష్యునకు దక్కెను. రిచర్డ్ స్టీవెన్సు అను వైద్యుడు విడిచిన ఆస్తితో ఆయన సోదరి గ్రిజెల్ పట్టుదలతో కట్టించి 1733లో తెరిపించిన ధర్మాసుపత్రి అది. బీదల కొరకు వెలసిన ఆ ఆసుపత్రి 1987 వరకు రోగులను ఆదుకొనెను. కాలిస్ 1841 వరకు, అనగా నలుబది యేండ్లకు పైగా, ఆ ఆసుపత్రిని వీడలేదు.

ఇక ఆయన ఉన్నతి ఆశ్చర్యకరముగా సాగెను. ముప్పది యేండ్లు నిండకముందే, 1802లో, తోటి శస్త్రవైద్యులు ఆయనను తమ కళాశాలకు అధ్యక్షునిగా ఎన్నుకొనిరి. 1804లో శరీరనిర్మాణ శాస్త్రమునకును శస్త్రవైద్యమునకును ఆచార్యపదవి లభించెను. దేశమునకు అది మంచికాలము కాదు. 1801లో ఐర్లండు శాసనసభ రద్దయి, పరిపాలన యావత్తు లండనుకు తరలిపోయెను. ప్రభువులును ధనికులును డబ్లిను మేడలను విడిచి వెళ్ళుచుండిరి. అయినను ఆ నగరమునందే వైద్యవిద్య వర్ధిల్లుట చరిత్రలో ఒక విశేషము. నెపోలియనుతో యుద్ధములు జరుగుచున్నందున సైన్యమునకును నౌకాదళమునకును శస్త్రవైద్యుల అవసరము హెచ్చెను. నేర్చుకొనగోరు యువకులు కళాశాలకు క్రిక్కిరిసి వచ్చుచుండిరి. సెయింట్ స్టీఫెన్సు గ్రీను అను చౌకమున, పూర్వము క్వేకరు మతస్థుల శ్మశానముగా నుండిన స్థలమును కొని, 1806లో శంకుస్థాపన చేసి, 1810లో నూతనభవనమును తెరచిరి. స్తంభముల వరుసతో నేటికిని అది అక్కడనే నిలిచియున్నది.

ఆచార్యుడుగా కాలిస్ చేసిన పని ఎట్టిదో చూతము. అంతకు పూర్వము శరీరశాస్త్రమును బోధించువారు ఎముకలన్నిటిని ఒకమారు, కండరములన్నిటిని మరొకమారు, నాళములన్నిటిని వేరొకమారు చెప్పుకొని పోవుచుండిరి. విద్యార్థి అన్నిటిని వల్లించును. కాని రోగి గజ్జమీద కత్తి పెట్టవలసివచ్చినప్పుడు, చర్మము క్రింద మొదట ఏది వచ్చును, దాని క్రింద ఏది, ప్రక్కన ఏ ధమని పోవుచున్నదో తోచక నిలిచిపోవును. కత్తి పట్టువానికి శరీరము పట్టికలుగా కాక పొరలుపొరలుగా తెలియవలెనని కాలిస్ వాదించెను. 1811లో ప్రకటించిన 'శస్త్రోపయోగ శరీరనిర్మాణము' అను గ్రంథమున ఆయన ఒక్కొక్క భాగమును తీసికొని, పైపొర నుండి లోపలికి క్రమముగా వర్ణించెను. కటిప్రదేశమున నేటికిని ఒక పొరకు ఆయన పేరే వాడుకలో నున్నది.

ఈ బోధనకు శవములు కావలెను. అవి ఎక్కడినుండి వచ్చును? ఈ ప్రశ్నను దాటవేయుట చరిత్రకు న్యాయము కాదు. హత్యచేసి ఉరితీయబడినవారి కళేబరములను తప్ప వేరెవ్వరిని ఛేదించుటకు చట్టము స్పష్టముగా అవకాశ మీయలేదు. అందుచేత ఐర్లండు, స్కాట్లండు, ఇంగ్లండు దేశముల వైద్యపాఠశాలలన్నియు రాత్రివేళ సమాధులు త్రవ్వువారిపై ఆధారపడియుండెను. డబ్లినులో కిల్‌మేన్‌హామ్ దగ్గర బుల్లీస్ ఏకర్ అను బీదల శ్మశానము ఇందులకు పేరుమోసినది. స్టీవెన్సు ఆసుపత్రికి అది దూరము కాదు. బ్రతికియుండగా ధర్మాసుపత్రిలో పడకకు నోచుకొన్న బీదవానికి చచ్చిన పిమ్మట గోతిలోనైనను విశ్రాంతి లేదు. 1832లో శరీరనిర్మాణ చట్టము వచ్చి, దిక్కులేని శవములను పాఠశాలలకు అప్పగించు ఏర్పాటు చేయువరకు ఈ దురవస్థ తీరలేదు. తీరిన పిమ్మటను ఆ భారము బీదలమీదనే నిలిచెను. శవచ్ఛేదన మనగా ఆనాటి సామాన్యజనులకు ఉరికంబముతో సమానమైన అవమానము. ఈ సంగతిని మనము జ్ఞాపకముంచుకొందము. కథ చివర దీనితో పని కలదు.

ఇప్పుడు మణికట్టు సంగతికి వత్తము. 1814లో ఎడింబరో వైద్యపత్రికలో కాలిస్ కొద్దిపుటల వ్యాస మొకటి ప్రకటించెను. ముంజేతిలో రెండెముకలు గలవు. బొటనవ్రేలివైపున నున్నదానికి రేడియస్ అని పేరు. చేతిమీద పడినప్పుడు ఈ ఎముక మణికట్టుకు కొంచెము పైగా విరుగుచున్నదనియు, శస్త్రవైద్యులు దానిని గుర్తింపక మణికట్టు కీలు తప్పినదనియో బెణికినదనియో భ్రమపడుచున్నారనియు ఆయన తెలియజేసెను. చేయి చూచుటకు వింతగా నుండును: ముంజేతి వెనుకభాగమున పల్లము, దాని దిగువ ఉబ్బు. ముల్లుచెంచాను ప్రక్కనుండి చూచినట్లుండునని తరువాతివారు పోల్చిరి. చేతిని పట్టి లాగినచో వంకర సరియగును. విడిచినచో మరల మొదటికి వచ్చును. కీలు తప్పినదైనచో ఇట్లు జరుగదు. కావున ఇది ఎముక విరుగుటయే యని ఆయన తేల్చి, చేతిని లాగి సరిచేసి, ముందువెనుకల రేకు బద్దలు వేసి కట్టవలెనని చెప్పెను. వైద్యము లేకపోయినను కాలక్రమమున నొప్పి పోయి చేయి పనిచేయును గాని వంకర మాత్రము జీవితాంతము పోదని హెచ్చరించెను.

ఇందులో మనము గమనింపవలసినది ఒకటి కలదు. అప్పటికి ఎక్స్‌రే లేదు. అది 1895లో గాని కనుగొనబడలేదు. అంతేకాదు, ఇట్లు విరిగిన ఎముకను శవమునందు తెరచి చూచు అవకాశము తనకు దొరకలేదని కాలిస్ ఆ వ్యాసముననే ఒప్పుకొనెను. దేశమున శవచ్ఛేదన విద్యకు ఆచార్యుడై యుండి, చూడనిదానిని చూచితినని చెప్పలేదు. వ్రేళ్ళకు తెలిసినంత మాత్రమే చెప్పెను. మణికట్టుకు అంగుళమున్నర పైగా విరుగునని ఆయన అంచనా. ఎముకలను తెరచి చూచిన తరువాతివారు అది ఇంకను క్రిందుగనే విరుగునని నిర్ణయించిరి. కొలతలో కొంత తేడా యున్నను సిద్ధాంతము నిలిచెను. ఫ్రాన్సులోని లియాన్ నగరమున క్లాడ్ పూటో అను శస్త్రవైద్యుడు ఈ సంగతిని ముందే గ్రహించెను. ఆయన మరణానంతరము 1783లో ముద్రితమైన గ్రంథమున అది కలదు. అందుచేత ఫ్రెంచివారు నేటికిని ఇద్దరి పేర్లను కలిపి చెప్పుదురు. ఐర్లండులో ఆ ఎముకకు కాలిస్ పేరును స్థిరపరచినవాడు ఆయన శిష్యకోటిలోని రాబర్ట్ స్మిత్. 1847లో ఎముకల విరుగుళ్ళను గూర్చి ఆయన వ్రాసిన గ్రంథము ప్రసిద్ధమైనది.

కాలిస్ ధైర్యమునకు మరొక నిదర్శనము కలదు. జత్రుక అను ఎముక చాటున, గుండెకు సమీపముగా, చేతికి నెత్తురు కొనిపోవు పెద్ద ధమని యున్నది. అది ఉబ్బి సంచివలె పెరిగినచో ఏనాడో పగిలి ప్రాణము తీయును. ఆ ధమనిని దాని మొదటి భాగమున దారముతో బిగించి కట్టుటకు ప్రపంచమున తొలుత సాహసించినవాడు కాలిస్. 1811లో ఒకమారు, 1813లో ఒకమారు ఆ పని చేసెను. అప్పటికి మత్తుమందు లేదు. అది 1846లో వచ్చెను. పుండు కుళ్ళకుండ కాపాడు లిస్టరు పద్ధతి 1867లో గాని వెలువడలేదు. రోగులిద్దరును మరణించిరి. నేర్పరియైన శస్త్రవైద్యుడు తన జయములను ప్రకటించుకొని అపజయములను మరుగుపరచుట ఆ కాలమున సామాన్యము. కాలిస్ ఆ రెండు వృత్తాంతములను 1815లో తానే ప్రకటించెను. తన వెనుక ఆ త్రోవను నడువబోవువానికి ఎక్కడ గొయ్యి యున్నదో తెలియవలెను గదా!

తరగతిలోను ఆయన రీతి ఇదియే. ఒకమారు తాను శస్త్రము చేసిన రోగి మరణింపగా, మాటలు నమిలి ప్రయోజనము లేదనియు, ఆ మరణమునకు తానే కారణమనియు విద్యార్థుల యెదుట చెప్పెనని ప్రసిద్ధి. ఆ మాట విన్న యువకుల స్థితిని ఊహించుకొందము. దేశమంతటికి మాన్యుడైన ఆచార్యుడు, తన కీర్తి ఏమగునో యని చూడక, నిండుసభలో తన నేరమును తాను చదువుచున్నాడు. పుస్తకమున లేని పాఠ మది. ఆయన వంటివారి బోధన వలననే తరువాతి తరమున గ్రేవ్సు, స్టోక్సు, కారిగను మొదలగు వైద్యులతో డబ్లిను పేరు ఐరోపా అంతట మారుమ్రోగెను.

ఇంత గంభీరుడు హాస్యమునకు దూరమైనవాడు కాడు. ఆయన రుసుముల చిట్టాలో, పుచ్చుకొన్న ఒక్కొక్క గినీకి ఎదురుగా కారణములు వ్రాసికొనెడివాడు. చెవిటితనమునకు పనికిరాని సలహా ఇచ్చినందులకు ఒక గినీ. పంటిమోడును పెరుకుటకు ప్రయత్నించినందులకు ఒక గినీ. నాకెంత జబ్బున్నదో నీకును అంతే యని ఒకనికి చెప్పినందులకు ఒక గినీ. మరియొకచోట, ఎందుకిచ్చెనో తెలియదు, పోయినమారు తక్కువ ఇచ్చితినని తలచెనేమో అను అర్థముతో వ్రాసికొనెను. ఎవరికిని చూపుటకు కాక తనకొరకు వ్రాసికొన్న చిట్టాలో సహితము మనుష్యుడు ఇంత నిక్కచ్చిగా నుండుట అరుదు. 1839లో ప్రభుత్వమువారు బారొనెట్ బిరుదము నీయజూపగా ఆయన మర్యాదగా నిరాకరించెను.

ఆయన చెప్పినదెల్లను సరియైనదేనా? కాదు. 1836లో ఆచార్యపదవిని విడిచి, మరుసటి యేట సవాయి వ్యాధిని గూర్చియు, దానికి పాదరసమును వాడు విధమును గూర్చియు ఒక గ్రంథము ప్రకటించెను. ఆ వ్యాధితో పుట్టిన శిశువు, పాలిచ్చు పరాయి దాదికి వ్యాధి నంటించును గాని, పైకి ఏ లక్షణమును లేని కన్నతల్లికి అంటించుట తాను చూడలేదని అందు వ్రాసెను. తరువాతివారు దీనిని 'కాలిస్ సూత్ర' మని పిలిచి, తల్లికి వ్యాధి లేకయే రక్షణ కలుగుచున్నదని భావించిరి. 1905లో ఆ వ్యాధిక్రిమి బయటపడెను. 1906లో వాసర్మన్ రక్తపరీక్ష వచ్చెను. పరీక్షించి చూడగా ఆ తల్లులకు వ్యాధి అంతకు ముందే యుండినదనియు, అది దాగియున్నందువలననే మరల అంటలేదనియు తేలెను. కాలిస్ కన్ను చూచినది నిజమే. లోకము చెప్పుకొన్న కారణమే తప్పు. నేడు ఆ సూత్రము వైద్యచరిత్రలో తప్ప వైద్యమున లేదు.

ఇక చివరి ఘట్టము. పెద్దవయసున కాలిస్‌ను వాతరోగమును, ఆయాసమును బాధించెను. 1841లో ఆసుపత్రిని విడిచెను. అంత్యకాలము సమీపించుచున్నదని తెలిసికొని, రాబర్ట్ స్మిత్‌కు ఒక ఉత్తరము వ్రాసెను. తాను మరణించిన వెంటనే తన శరీరమును తెరచి, తన చివరి జబ్బు ఎక్కడ పుట్టినదో, ఎట్టిదో జాగ్రత్తగా పరిశీలింపవలెననియు, దానివలన పరులకు మేలు కలుగుననియు అందులోని సారాంశము. ఏ ఏ అవయవములను ముఖ్యముగా చూడవలెనో కూడ తానే సూచించెను. 1843లో ఆయన మరణించెను. శిష్యుడు గురువు కోరికను నెరవేర్చెను. ఆయనకు వైద్యము చేసిన విలియం స్టోక్సు ఆ వృత్తాంతమును వైద్యపత్రికలో ప్రకటించెను. పిమ్మట ఆ దేహమును డబ్లినులోని మౌంట్ జెరోము శ్మశానమున ఖననము చేసిరి.

వెనుక మనము జ్ఞాపకముంచుకొందమన్న సంగతి ఇక్కడ ఉపకరించును. ముప్పదిరెండేండ్లు ఆయన పాఠము చెప్పిన బల్లమీద పడుకొన్నవారిలో తమంతట తాము వచ్చినవాడు ఒక్కడైనను ఉండెనో లేదో! హంతకులును, గోతినుండి దొంగిలింపబడిన బీదలును, దిక్కులేనివారును ఆ పాఠమునకు మూల్యము చెల్లించిరి. ఆచార్యుని యింట జరిగిన పరీక్షయు, విద్యార్థుల మధ్య జరుగు ఛేదనమును ఒకటి కావు; అట్లని ఋణము తీరినదనియు మనము చెప్పలేము. అయినను పరుల దేహములనుండి నేర్చుకొన్నవాడు తన దేహమును దాచుకొనలేదు. జీవించినన్నాళ్ళు తన తప్పులను తెరచి చూపెను. మరణించిన పిమ్మట తన గుండెను తెరచి చూడుమనెను. ఆ రెండును ఒక్క స్వభావమునుండి పుట్టినవే.

శాస్త్రమున పేర్లు నిలుచుట ఒక అదృష్టము. కాలిస్‌కు అది మణికట్టుమీద దక్కెను. ఆయన కొలత సవరింపబడెను, సూత్రము త్రోసివేయబడెను, శస్త్రములు మారిపోయెను. చూచినంతయే చెప్పవలెను, తప్పినప్పుడు ఒప్పుకొనవలెను అను మాట మాత్రము మారలేదు. ఇకమీదట మన ఇంట ఎవరి చేతికైనను కట్టు పడినప్పుడు, ఆ చీటీమీది విదేశీయ నామమును చూచి, కిల్కెన్నీ రాతిగని దగ్గర పుట్టిన ఆ పిల్లవానిని ఒక్కక్షణము తలచుకొందము.